లియోకాడియా అత్త, అరువు కోట్లు

మగవాడి ఒంటి మీది కోటు కప్పితే తప్ప తీపి రొట్టెల పిండి పొంగదు. ఇది లియోకాడియా అత్త నమ్మకం. దేవుణ్ణి కూడా అంత గట్టిగా నమ్మేది కాదేమో.

మా అజోరెస్ దీవుల్లో ఇది వింతేమీ కాదు. ఏ ముసలమ్మయినా గుడ్లూ, పంచదారా, వెన్నా, నిమ్మతొక్కా వేసి చేతులు పడిపోయేలా పిండి పిసుకుతుంది. మీద సిలువ గీసి, మంచం మీద పడుకోబెట్టి, దుప్పటి కప్పి, దాని పైన మొగుడి కోటు వేస్తుంది. అయితే లియోకాడియా అత్తకు మొగుడు లేడు. అంటెరో మామ పోయి చాలా కాలమైంది. అందుకని వీధిలోని కోట్లన్నీ తనవే అనుకునేది.

శనివారం తెల్లవారితే ఏదో ఒక గుమ్మంలో ఆమె గొంతు వినిపించేది. చిలక్కొయ్యకు తగిలించిన కోటు తెచ్చి ఇస్తే ముట్టుకునేది కాదు. “ఇది శవంరా నాయనా. ఒంటి మీదది విప్పు” అనేది. విప్పేదాకా గుమ్మం వదిలేది కాదు.

అరువు తెచ్చుకున్న కోటు ఎలా పనిచేసిందో ఆదివారం చర్చి మెట్ల మీద అందరికీ చెప్పేది. మంగలి ఫిర్మీనో కోటుకు పిండి బ్రహ్మాండంగా పొంగిందట గానీ, కోసి చూస్తే లోపలంతా గాలేనట. పోస్టాఫీసు గుమాస్తా కోటు కప్పితే పిండి రేపు రమ్మందట. కొత్తగా వచ్చిన కుర్ర ఫాదిరీ గారి నల్లకోటు కింద పిండి మోకాళ్ళ మీద కూర్చుని మరి లేవలేదట. ఆ మాట అడగడానికి ఫాదిరీ గారు ఆమె ఇంటికి వెళ్ళి, రొట్టెలు తిని, ఏమడగాలో మరిచిపోయి వచ్చారు.

మా నాన్న బెల్మీరో కోటు జోలికి మాత్రం ఆమె చాలాకాలం రాలేదు.

ఒక ఏడాది శరదృతువులో నాన్న పడవ బోల్తా పడింది. నాన్న ఈది ఒడ్డుకు చేరాడు. బాబాయి ఎదువీనో చేరలేదు. ఆ రోజు నుంచి నాన్న గోధుమరంగు కోటు మెడదాకా బొత్తాలు పెట్టుకుని పొయ్యి పక్కన కుర్చీలో కూర్చున్నాడు. గుమ్మం దాటలేదు. పలకరించడానికి వచ్చినవాళ్ళు జవాబు రాక, వచ్చేటప్పటికన్నా మెల్లగా వెళ్ళిపోయారు. కొన్నాళ్ళకు రావడమే మానేశారు. అమ్మ చేపల డబ్బాల ఫ్యాక్టరీకి వెళ్ళక తప్పదు. అందుకని నేను బడి మానేశాను. నాన్నను ఒంటరిగా ఎందుకు వదలకూడదో అమ్మా చెప్పలేదు, నేనూ అడగలేదు. సముద్రపు గట్టు మా ఇంటికి చాలా దగ్గర.

వర్షం ఎడతెరిపి లేకుండా కురుస్తున్న ఒక శనివారం పొద్దున్న అత్త తలుపు తోసుకుని వచ్చింది.

“బెల్మీరో, కోటు విప్పు.”

నాన్న తలెత్తలేదు.

“నీ దుఃఖం నువ్వే ఉంచుకో. దాన్ని నేనేం చేసుకోను? నాకు కోటు చాలు” అంటూ పసివాడికి స్నానం పోయబోతున్నట్టు తనే బొత్తాలు విప్పేసింది. నాన్న ఎంత బిత్తరపోయాడంటే, చేతులు వాటంతటవే పైకి లేచాయి.

“సాయంత్రం వచ్చి పట్టుకెళ్ళు” అంది గుమ్మంలోంచి.

నేను వస్తానని నెమ్మదిగా అన్నాను.

“నువ్వెందుకే పిల్లా? ఏ ఒంటి మీద నుంచి వచ్చిన కోటు ఆ ఒంటి మీదే ఇల్లు చేరాలి. కాదంటే పొంగిన పిండి కాస్తా కూలబడుతుంది.”

నాన్న వెళ్ళలేదు. దుప్పటి చుట్టుకుని కూర్చున్నాడు. ఆదివారం గడిచింది, సోమవారమూ గడిచింది. ఇల్లంతా తడి చెమ్మ. అమ్మ ఓపిక పట్టలేక అత్త మీదికి యుద్ధానికి వెళ్ళి ఉత్త చేతులతో తిరిగి వచ్చింది. మా ఆయన చలికి చచ్చేట్టున్నాడని చెబితే, “అయితే నడవమను, ఒళ్ళు వేడెక్కుతుంది” అందట. ఆ మాట చెబుతూ అమ్మ నవ్వింది. పడవ మునిగాక అమ్మ నవ్వడం అదే మొదలు. నాన్న ఆమె వంక కొంచెంసేపు చూసి లేచాడు. దుప్పటి తల మీదుగా కప్పుకుని వానలోకి నడిచాడు.

నేను వెనకాలే వెళ్ళాను. నాన్న గట్టు వైపు తిరగలేదు. వీధి వీధంతా గుమ్మాల్లోకి వచ్చింది. ఫిర్మీనో సగం గీసిన గడ్డాన్ని కుర్చీలో వదిలేసి కత్తి పట్టుకుని బయట నిలబడ్డాడు.

“నా కోటు” అన్నాడు నాన్న, అత్త గుమ్మంలో. అడుగులేని నూతిలోంచి వచ్చినట్టుంది గొంతు.

“ఆ కట్టెల వెనకాల ఎక్కడో పెట్టాను. చీలిస్తే కనబడుతుంది.”

నాన్న కోపంగా గొడ్డలి అందుకున్నాడు. సగం కట్టెలు చీలేసరికి కోపం చెమటగా మారింది. కోటు చేతికిస్తూ అత్త, ఇంత మంచి కోటు తన జన్మలో చూడలేదనీ, పిండి బేసిన్ దాటి మంచమంతా పాకిందనీ చెప్పింది. మిగిలిన రొట్టె ఒకటి నిప్పుల మీద కాల్చి వెన్న రాసి ఇచ్చింది. నాన్న నిలబడే తిన్నాడు. ఇంకొకటి ఇచ్చింది. ఈసారి కూర్చుని తిన్నాడు.

అప్పటినుంచి శనివారమంటే మా ఇంట్లో కోటు రోజు. పొద్దున్న ఆమె తీసుకుపోయేది, సాయంత్రం నాన్న వెళ్ళేవాడు. రాను రాను అక్కడే ఆగి రొట్టెల బట్టీ రాజేయడం, తడిపిన పచ్చికొమ్మలతో బూడిద ఊడ్చడం, గుడ్డుసొన పూసిన రొట్టెలను పొడుగాటి తెడ్డుతో లోపలికి తోయడం ఆయన పనులయ్యాయి. ఏ వారమైనా కోటు చల్లగా ఇస్తే, ముసలిదాన్ని మోసం చేస్తున్నావని అత్త తిట్టేది. నాన్న సంజాయిషీ చెప్పుకునేవాడు. మాటలనేవి అలా మొదలయ్యాయి.

ఒక శనివారం మధ్యాహ్నం అమ్మ నన్ను గుడ్లిచ్చి రమ్మంది. నా అడుగుల చప్పుడు ఎవరికీ వినబడదు. అత్త వంటింట్లో నాన్న కోటు కుర్చీ వీపుకు వేలాడుతోంది. పక్క గదిలో మంచం మీద పిండి దుప్పటి కింద నిద్రపోతోంది. దుప్పటి మీద మోచేతులు చిరిగిన పాత కోటు ఒకటి, పిండితో తెల్లబడి ఉంది.

“అది అంటెరోది” అంది అత్త వెనకనుంచి. “బతికుండగా గడ్డిపోచ పక్కకు పెట్టలేదు మహానుభావుడు. పోయాక ఒక్క శనివారం నాగా లేదు.”

నేను నాన్న కోటు వంక చూశాను. ఫిర్మీనో భార్య పోయాక దుకాణం మూసేసుకోవడం, ఫాదిరీ గారు వచ్చిన కొత్తలో కిటికీ కూడా తెరవకపోవడం ఒక్కసారిగా గుర్తొచ్చాయి.

“చూశావుగా?”

తలూపాను.

“ఎవరికైనా చెబుతావా?”

అడ్డంగా ఊపాను.

“నిన్ను అడగడం దండగ. నీ నోట మాట రావాలంటే దానికీ ఒక కోటు కప్పాలి” అని గుడ్లు లెక్కపెట్టకుండానే లోపలికి తీసుకుపోయింది.

ఆ సాయంత్రం అత్త చర్చి మెట్ల మీద చెప్పినంత నిబ్బరంగా, నీ కోటు లేకపోతే ఈ వారం నా పరువు పోయేదని నాన్నతో అంది. నేను నేల చూపులు చూశాను.

ఇంటికి వస్తుంటే వాన వెలిసింది. నాన్న నడుస్తూ నడుస్తూ ఆగి, కోటు చేతిని నా ముందు చాపాడు.

“ఇన్ని వారాలు పిండి మీద పడుకుంది కదా. ఎక్కడైనా ఒక్క తెల్ల మచ్చ కనబడిందా నీకు?”

నేను దాన్ని అటూ ఇటూ తిప్పి చూసి వదిలేశాను.

“ఆవిడతో అనకు. పెద్దావిడ, మనసు కష్టపెట్టుకుంటుంది.”

మరుసటి శనివారం నేను లేచేసరికి నాన్న కోటు వేసుకుని, పొయ్యికి వీపు ఆనించినంత దగ్గరగా నిలబడి ఉన్నాడు. కాలిపోతుంది నాన్నా, ఇవతలికి రా అన్నాను.

“ఉండు” అన్నాడు, వాకిలి వైపు చెవి పెట్టి. “ఇంకాస్త వేడెక్కనీ. చల్లగా ఇస్తే తిడుతుంది.”