చిన్నాయన గీసిన గుడ్డెలుగు

మా చిన్నప్పుడు... బస్తర్ ఇంకా రాజుగారి సంస్థానంగా ఉన్న రోజుల్లో, వరికోతలయ్యాక ఒక పొద్దున మా చిన్నాయన ముత్తయ్య కావడి మోసిన దారిలోనే చనిపోయాడు. అక్కడి గొల్లపల్లిలో మా ఇంటి గోడ మీద ఆయన గీసిన గుడ్డెలుగు మాత్రం ఆ పొద్దునే గెలిచింది.

మా వాడలోని సోమమ్మకు అన్నదమ్ములు లేరు. వాళ్ల నాయన ఇల్లటపు అల్లుణ్ణి వెతుకుతున్నాడు. అడిగింది ఇద్దరు... మా చిన్నాయన, కట్టెలు కొట్టే భీమయ్య.

"కళ్లం నుంచి నిండు వడ్ల కావడి మధ్యలో దించకుండా మా ఇంటికి తేవాలె. ఇద్దరూ తెస్తే పిల్ల ఇష్టం" అన్నాడాయన. పిల్ల ఇష్టం మా చిన్నాయనేనని ఊరందరికీ తెలుసు.

చిన్నాయనకు ఆ వానాకాలమంతా చలిజ్వరం. బయటికి పొక్కితే సంబంధం పోతుందని మా ఇంట్లో ఎవరూ నోరు విప్పలేదు.

పొద్దున్నే పొయ్యిలోంచి బొగ్గు తీసి పిల్లలమైన మా కోసం గోడ మీద బొమ్మ గీసేవాడు. బక్క గుడ్డెలుగు దండీలు తీస్తుంది... బండరాయి ఎత్తుతుంది... బుట్టలకొద్దీ ఇప్పపూలు తింటుంది. తలపాగా చుట్టిన లావు గుడ్డెలుగు పళ్లికిలిస్తుంది. దూరంగా ఆడ గుడ్డెలుగు, చెవి దగ్గర పువ్వు.

రోజురోజుకీ బక్కదాని భుజాలు ఉబ్బేవి. గీసే చెయ్యి సన్నబడేది.

"గోడ మీద దానికి పెట్టే తిండేదో నువ్వు తినరాదురా" అనేది నాయనమ్మ, గంజి గిన్నె పట్టుకొని.

"అది బలిసినాక నేను తింటనే అమ్మా."

భీమయ్య కూడా వచ్చి చూసేవాడు. "ఏంది బావా, నా పొట్ట గంత ఉందా?"

"తగ్గించే గీసిన బావా."

కోతలయ్యాక భీమయ్య ముందు మోశాడు. దించలేదు. తర్వాత చిన్నాయన ఎత్తుకున్నాడు. వాగు గట్టు దాకా నడిచి, కావడి మెల్లగా దించాడు. ఒక్క గింజ ఒలకలేదు. పక్కనే కూర్చున్నాడు... మళ్లీ లేవలేదు. భీమయ్యే భుజాన వేసుకొని ఇంటికి తెచ్చాడు.

ఆ పొద్దుటి బొమ్మ గోడ మీద అలాగే ఉంది. బక్క గుడ్డెలుగు ఆడదాని గడపలో కావడి దించి చెమట తుడుచుకుంటోంది.

మైల తీసిన రోజు నాయనమ్మ పేడా ఎర్రమట్టీ కలిపి గోడ అలకడం మొదలుపెట్టింది.

"అత్తా, ఆ ఒక్కటి ఉండనీ" అన్నాడు భీమయ్య.

ఆమె చెయ్యి ఆగలేదు.

ఆ ఎండాకాలమే అతను సోమమ్మ ఇంటికి ఇల్లటం వెళ్లాడు.

ఇప్పుడు చలిజ్వరానికి ఊళ్లోనే మాత్రలిస్తున్నారు... పిల్లల బొమ్మలు ఫోన్లలో కదులుతున్నాయి. మీ ఇంటి గోడల మీద ఎవరు గీసేవాళ్లో, ఆ గోడలేమయ్యాయో రాయండి.

మాది ఏటేటా అలుకుతూ ఇన్నాళ్లూ నిలిచింది. పక్కా ఇల్లు మంజూరైంది. సోమవారం పొద్దున పడగొడతారు.