మూడు తాళాల బాబాయి

మా బాబాయికి ఉన్నది ఒక్కటే రోగం: చరిత్ర చెప్పడం. రాజులదో రాజ్యాలదో అయితే ఎవరో ఒకరు వినేవారు. ఆయన చెప్పేది ఒక బ్యాంకు చరిత్ర. అదీ బతికున్న బ్యాంకు కాదు. పెద్ద బ్యాంకు కడుపులో కలిసిపోయి, కనీసం బోర్డు కూడా మిగలని బ్యాంకు. అందులో ఆయన అకౌంటెంటుగా చేశాడు. బ్యాంకు కలిసిపోయిన ఏడే రిటైరయ్యాడు. బ్యాంకు విలీనమైంది గానీ ఆయన నోరు మాత్రం ఎందులోనూ కలవలేదని మా పిన్ని అంటుంది.

ఏ మాట మొదలుపెట్టినా తిరిగి తిరిగి అక్కడికే చేరతాడు. మంగలి "చెవుల మీద కాస్త తగ్గించమంటారా?" అని అడిగితే, "చెవులంటే గుర్తొచ్చింది. మా బ్యాంకు పెట్టిన ఉప్పు వ్యాపారికి ఒక చెవి వినపడేది కాదు. అప్పు అడగడానికొచ్చిన వాళ్ళని ఆ చెవి వైపే కూర్చోబెట్టేవాడు" అని అందుకుంటాడు. డాక్టరు ఛాతీ మీద గొట్టం ఆనించి గట్టిగా ఊపిరి పీల్చమంటే, పీల్చిన ఊపిరితో పునాదిరాయి దాకా వెళ్ళొచ్చాడు. డాక్టరు గొట్టం తీసి పిన్ని వైపు తిరిగాడు. "ఆయన గుండె బాగుందమ్మా. మీ చెవులెలా ఉన్నాయి?"

ఆ చరిత్ర క్లుప్తంగా ఇది. ఉప్పు వ్యాపారి, కలప వ్యాపారి, వకీలు కలిసి ఉప్పు కొట్టు వెనక గదిలో బ్యాంకు పెట్టారు. ముగ్గురికీ ఒకరంటే ఒకరికి కొండంత గౌరవం, ఆవగింజంత కూడా నమ్మకం లేదు. అందుకని ఇనప్పెట్టెకి మూడు తాళాలు వేయించి, తలా ఒక తాళంచెవి మొలకి కట్టుకున్నారు. ముగ్గురూ వస్తేనే పెట్టె తెరుచుకునేది. కలప వ్యాపారి అలిగి అత్తవారింటికి వెళ్ళిపోతే బ్యాంకు మూతపడేది. ఖాతాదారులే వెళ్ళి, బతిమాలి, బండెక్కించి తీసుకొచ్చేవారు.

"అల్లుడి అలక తీర్చి తెరిపించుకున్న బ్యాంకు ప్రపంచంలో ఇంకోటుంటే చూపించరా!" అంటాడు బాబాయి.

రిటైరయ్యాక కూడా పొద్దున్నే ఇస్త్రీ చొక్కా తొడుక్కుని ఆ బ్యాంకు హాలుకే వెళ్ళేవాడు. కొత్త రంగు, కొత్త బోర్డు, కొత్త మెషీన్లు. పాతవి మిగిలినవి రెండే: కౌంటరు పక్కన చెక్కబల్ల, దాని మీద బాబాయి.

"జీతం ఆగిపోయిందన్న సంగతి తెలుసా మీకు?" అనేది పిన్ని.

"తెలుసు. అందుకేగా ఆలస్యంగా వెళ్తున్నాను."

చిత్రమేమిటంటే ఆ చరిత్ర ఒక్కో రోజు ఒక్కో పొడవు ఉండేది. ఒకనాడు ఉప్పు వ్యాపారికి ఇద్దరే కొడుకులు. ఇంకోనాడు ఐదుగురు, వాళ్ళ పెళ్ళిళ్ళు, వియ్యంకుల పేచీలు. "ఇద్దరా, ఐదుగురా? ఏదో ఒకటి తేల్చు బాబాయ్" అన్నాను ఒకసారి. "చరిత్రలో ఇలాంటి భేదాభిప్రాయాలు మామూలేరా" అన్నాడు.

కౌంటర్లో కూర్చునే ఆవిడని అందరూ అక్కయ్య అనేవారు. పాత బ్యాంకులో బాబాయి దగ్గరే పనిచేసింది. పెన్ను పట్టుకుంటే గుర్రం. మెషీను ముందు కూర్చుంటే మాత్రం ఒక్క వేలితో, తప్పిపోయిన పిల్లని వెతికినట్టు ఒక్కో అక్షరాన్నీ వెతుక్కునేది. ఆవిడ ముందు లైను హాలంతా పాకి గుమ్మం దాటి మెట్లు దిగేది.

నా కళ్ళ ముందే ఒకరోజు లారీ డ్రైవరు ఎగిరాడు. "ఏంటమ్మా, తెల్లారుద్దా ఈ పని? బయట లారీ ఆపొచ్చాను."

"లారీ అంటే గుర్తొచ్చిందయ్యా!" బల్ల మీంచి బాబాయి. "మా కలప వ్యాపారికి లారీ లేదు, ఎడ్లబండే. అలిగినప్పుడు కూడా అందులోనే..."

"పెద్దాయనా, నన్నొదిలెయ్."

"వదిలేస్తా. అల్లుణ్ణి అత్తారింటి నుంచి రానీ."

డ్రైవరు అక్కయ్యని మర్చిపోయి, పని అయ్యేదాకా బాబాయినే తిడుతూ నిలబడ్డాడు. నేను నవ్వుకుని వచ్చేశాను.

కొన్నాళ్ళకి మేనేజరు నన్ను గదిలోకి పిలిచాడు. పెద్ద బ్యాంకు పంపిన కుర్రాడు, మర్యాదస్తుడు.

"మీ బాబాయిగారిని కాస్త ఇంట్లో ఉంచుకోండి సార్."

"ఏం చేశాడండీ?"

"చరిత్ర చెప్పారు." కుర్రాడి గొంతులో కన్నీళ్ళొక్కటే తక్కువ. "ఈ గదిలోకి వచ్చే ప్రతివాడూ ఆయన మీదే ఫిర్యాదు. నేను అడక్కపోయినా వాళ్ళే కలప వ్యాపారి అలక గురించి నాక్కూడా చెప్పి వెళ్తున్నారు. రేపట్నుంచి ఆయన్ని గుమ్మం లోపలికి రానివ్వను. ఏమీ అనుకోకండి."

సాయంత్రం వెళ్ళి ఆ కబురు చెప్పాను. బాబాయి తాగుతున్న కాఫీ పక్కన పెట్టాడు.

"అందరూ నా మీదేనా?"

"అందరూ."

"ఇంకెవరి మీదా ఒక్కరు కూడా చెప్పలేదూ? దర్జీ? వాడికి ముక్కు మీదే కోపం."

"అందరికంటే గట్టిగా అరిచింది ఆయనేనట. నీ పేరే."

బాబాయి ముఖం ప్రమోషను వచ్చినట్టు వెలిగిపోయింది.

"ఊరంతా తిడితే సంబరపడే మనిషిని మిమ్మల్నే చూస్తున్నాను" అంది పిన్ని.

అప్పుడు చెప్పాడు. పాత ఉద్యోగులు మెషీను నేర్చుకోవడానికి కొత్త బ్యాంకు గడువు పెట్టింది. ఈలోగా ఎవరి మీద ఫిర్యాదు వచ్చినా వాళ్ళని ఎక్కడో దూరాన ఉన్న పాత కాగితాల గోడౌనుకి బదిలీ చేస్తారు. అక్కయ్య ఇల్లు బ్యాంకు వెనక వీధిలోనే. మంచం పట్టి, మంచం మీంచే వీధినంతా ఏలే అత్తగారికి మధ్యాహ్నం భోజనం ఆవిడే వెళ్ళి తినిపించి రావాలి.

"లైన్లో నిలబడ్డవాడికి ఎవర్నో ఒకర్ని తిట్టాలనిపిస్తుందిరా. అది మనిషి స్వభావం. ఆ తిట్టేదేదో నన్ను తిడితే సరి. నాకు బదిలీ లేదు కదా."

"మరి ఉప్పు వ్యాపారి కొడుకులు?"

"లైను పొడవుని బట్టి పుడతారు."

పిన్ని చల్లారిన కాఫీ తీసుకెళ్ళి వేడిచేసి తెచ్చింది. తర్వాత అంది: "ఇంట్లో లైను లేదు కదా, మరి నాకెందుకు చెప్తున్నట్టు?"

"అది రిహార్సలు."

మర్నాడు కాపలాదారు బాబాయిని గుమ్మం దగ్గర ఆపేశాడు. బాబాయి నిబంధనలు మీరే మనిషి కాదు. బుద్ధిగా మెట్ల మీద కూర్చున్నాడు. లైను తోక అక్కడే ఉంది.

"లోపలికి రావద్దన్నారు గానీ నోరు తెరవద్దనలేదుగా" అన్నాడు కాపలాదారుతో.

దీనివల్ల వ్యవహారం ఇంకా బాగుపడింది. మెట్ల మీద చరిత్ర విని లోపలికొచ్చినవాడికి కౌంటరు పుణ్యక్షేత్రంలా కనిపించేది. "ఎంతసేపైనా ఫరవాలేదమ్మా, నిదానంగా కానివ్వండి. నన్ను మళ్ళీ బయటికి మాత్రం పంపకండి" అన్నాడు దర్జీ, చేతులు జోడించి.

గడువు చివరి రోజున మేనేజరు అక్కయ్య పక్కనే నిలబడి ఆవిడ పని చూశాడు. ఆ రోజు మెట్ల మీద ఉప్పు వ్యాపారికి కూతుళ్ళు కూడా పుట్టారు. సాయంత్రానికి మేనేజరు తేల్చేశాడు: "పని వచ్చింది. ఫిర్యాదు ఒక్కటీ లేదు. ఇక్కడే ఉండండి."

ఆ తర్వాత అక్కయ్య పది వేళ్ళకీ రెక్కలొచ్చాయి. జనం ఇలా వచ్చి అలా వెళ్ళిపోతున్నారు. లైను గుమ్మం దాకా రావడమే మానేసింది. బాబాయికి మెట్లూ కాపలాదారూ మిగిలారు.

"కొడుకుల దాకా నాకు తెలుసండీ. మనవళ్ళ నుంచి చెప్పండి" అన్నాడు కాపలాదారు, జాలిపడి.

మనవళ్ళ గురించి బాబాయి ఇంకా ఆలోచించలేదు. ఇంటికి పెందలాడే రావడం మొదలుపెట్టాడు. రిహార్సలు కూడా మానేశాడు. ఇల్లు మరీ నిశ్శబ్దంగా ఉందని పిన్ని నాకు ఫోన్ చేసింది.

మొన్న చెక్కు వేయడానికి వెళ్ళాను. బాబాయి మెట్ల మీద ఒంటరిగా కూర్చుని వీధిలోకి చూస్తున్నాడు. లోపల నా వంతు వచ్చింది. అక్కయ్య చెక్కు అందుకుని, అద్దాల తలుపులోంచి ఒకసారి బయటికి చూసి, ఒక్క వేలితో మొదటి అక్షరం కోసం వెతకడం మొదలుపెట్టింది.

"మెషీను మొరాయిస్తోందాండీ?"

"లేదు తమ్ముడూ. నీ వెనకాల ఎంతమంది ఉన్నారో కాస్త చూసి చెప్పు."

చూశాను. "గుమ్మం దాకా ఉన్నారండీ."

"ఇంకొక్కరు రావాలి."

ఆవిడ రెండో అక్షరం వెతుకుతుండగా సంచీ పట్టుకుని ఒకాయన వచ్చాడు. లోపలికి తొంగిచూసి, చోటు లేక, ఉసూరుమంటూ మెట్టు మీద ఆగాడు. మెట్ల దగ్గర ఎవరో గొంతు సవరించుకున్నారు.

"వచ్చాడండీ" అన్నాను.

అక్కయ్య నా పని రెప్పపాటులో ముగించింది. నా వెనకాయన కాగితం అందుకుని, కళ్ళజోడు సర్దుకుని, మళ్ళీ ఒక్క వేలే బయటికి తీసింది.