మరిది చావుకు వెళ్లిన అప్పీలుదారు

2004లో నన్ను బెంచి క్లర్కుగా, గద్వాల, వనపర్తి వైపు నుంచి సివిల్ అప్పీళ్లు వచ్చే ఒక కోర్టుకు పంపారు. కేసులు పిలవడం, ఫైళ్లు జడ్జిగారి ముందుంచడం, సాక్షులతో ప్రమాణం చేయించడం నా పని. అప్పీలంటే పెద్ద వాదోపవాదాలని బయటివాళ్లు అనుకుంటారు. చాలా అప్పీళ్లు అంతదూరం వెళ్లవు. సమన్లకు బత్తా రుసుము కట్టలేదనో, వకీలు రాలేదనో, వారసులను చేర్చలేదనో మధ్యలోనే కొట్టేస్తారు.

జమ్ములమ్మది ఆత్మకూరు దగ్గర పల్లె. భర్త పోయాక అతని వాటా చెల్క, ఆ మెట్టభూమి, తమదేనని మరుదులిద్దరూ దావా వేసి కింది కోర్టులో గెలిచారు. ఆమె అప్పీలు చేసి, స్టే తెచ్చుకుని, అందులోనే పల్లి వేసుకుంటూ వచ్చింది.

అప్పీలు నడుస్తుండగా చిన్న మరిది చనిపోయాడు. కేసులో ఒకరు చనిపోతే మూడు నెలల్లోగా వారసులను రికార్డు మీదికి తేవాలి. లేకపోతే అప్పీలు దానంతటదే రద్దవుతుంది. అబేట్ కావడం అంటారు. డిక్రీ ఇద్దరికీ ఉమ్మడిది కాబట్టి ఒకరి విషయంలో రద్దయితే మొత్తం పోయినట్టే. ఇదంతా ఆమెకు ఎవరూ చెప్పలేదు. తన కక్షిదారు మరణాన్ని కోర్టుకు తెలపవలసిన అవతలి వకీలు గడువు దాటేదాకా నోరు విప్పలేదు. దాటాక మెమో వేశాడు.

ఆమె వకీలు హడావిడిగా ఆలస్యం మాఫీ పిటిషను పెట్టాడు. అఫిడవిట్‌లో అందరికీ రాసే మాటే రాశాడు: మరణం సంగతి అప్పీలుదారుకు తెలియదు. ఆమె వేలిముద్ర వేసింది. చదివి వినిపించినట్టు కింద రాసి ఉంది. వినిపించలేదని బోనులో తేలింది.

ప్రమాణం నేనే చేయించాను. అవతలి వకీలు ఒకే ప్రశ్న అడిగాడు: మరిది చనిపోయిననాడు వెళ్లావా అని.

“పోకుంటె ఎట్ల సారూ? పగ ఉంటె ఉండె, నా మరిదాయె. పీనుగ లేసేదాంక ఆడ్నే ఉన్న,” అంది.

ఆమె వకీలు తల దించుకున్నాడు. అఫిడవిట్ అబద్ధమని పిటిషను కొట్టేశారు. దాంతో అప్పీలూ, స్టే కూడా పోయాయి.

వరండాలో నన్ను ఆపి, “నా చెల్క ముచ్చట ఎప్పుడు అడుగుతరు సారూ?” అంది.

ఇక అడగరని, కేసు అయిపోయిందని చెప్పాను.

“సావుకు పోకపోతె అడిగెటోళ్లా?” అంది.

హైకోర్టుకు వెళ్లవచ్చని మాత్రం చెప్పాను. హైదరాబాదుకు బస్సు ఎక్కడ దొరుకుతుందో అడిగి తెలుసుకుంది గానీ వెళ్లినట్టు లేదు. పంట చేతికి రాకముందే కోర్టు అమీను వెళ్లి చెల్కను అవతలి పక్షానికి స్వాధీనం చేశాడు.

ఆ చెల్కపై హక్కు ఎవరిదో నేను చెప్పలేను. అప్పీలులో దాన్ని ఏ జడ్జీ వినలేదు. నాకు తెలిసింది ఇంతే. చావు సంగతి తెలుసు, కోర్టుకు చెప్పాలని తెలియదు అని ఉన్నదున్నట్టు రాసి ఉంటే మాఫీ దొరికేదేమో. అలా రాయాలంటే ముందు ఆమెను అడగాలి. అడిగింది అవతలి వకీలు ఒక్కడే.