ఆకు చాలని పేజీలు

ఇవాళ బస్టాండులో ఎవరో తునికాకు కట్ట దించారు. ఆ వాసనకు బెంచీ మీద కూలబడ్డాను. మోకాళ్ల నొప్పులు కూడా కారణమే అనుకోండి, మన ఈడు వాళ్లకు అవి ఎలాగూ ఉన్నవే.

బూర్గంపాడులో గోదారి ఇళ్లలోకి వచ్చిన ఏడు గుర్తుందా? ఆ రోజు నాన్న బియ్యం బస్తా వదిలేసి, రోము తత్వవేత్తల పుస్తకం నెత్తిన పెట్టుకుని బడి మిట్టకు చేరాడు. పోయినదానికి ఏడవొద్దని రోజూ మాకు చదివి వినిపించింది అందులోంచే. అదీ సగం తడిసింది.

"ఏందయ్యా, పిల్లలకు గీ రోము ముసలోళ్లను వండి పెట్టాల్నా?" అని అమ్మ దులిపేసింది.

మర్నాడు అక్షరం రాని ఆ అమ్మే, బీడీలు చుట్టే పక్కింటామె మిట్టకు మోసుకొచ్చిన కట్టలోంచి అడిగి తెచ్చి, అంటుకోకుండా పేజీకొక ఎండు తునికాకు పెట్టింది. చివర్లో ఆకులు చాలలేదు. చావు గురించిన రెండు పేజీలు అతుక్కుపోయాయి.

"పోనీ తియ్, అది సదవకున్నా వస్తది" అని నాన్న నవ్వాడు.

ఆ తర్వాత ఎన్నిసార్లు చదివినా వాటి జోలికి పోలేదు. అమ్మ పోయిన రోజు మాత్రం, ఆ రెండు పేజీలను గోటితో విడదీస్తూ కూర్చున్నాడు.