తాయమ్మాళ్ మిద్దె మీది నీడ

మా పెద్దమ్మ తాయమ్మాళ్‌కు కావలసింది ఎండ ఒక్కటే. ఊరంతటి ఎండ కూడా కాదు. పీలమేడులో మూతపడిన మిల్లు వెనక సందులో, తన మిద్దె మీద నాలుగు చాపలు పరిచేంత ఎండ. ఆ కాస్తకూ మబ్బుమనిషి అడ్డం వచ్చి నిలబడింది.

మబ్బుమనుషులు మా ఊరికి కొత్త కాదు. ఆడి నెలలో, అంటే ఆషాఢ శ్రావణాలప్పుడు, పాలక్కాడు కనుమలోంచి గాలి కొట్టుకొచ్చేటప్పుడు వాళ్ళూ వస్తారు. తడిపి దండెం మీద వేసిన పాత చీరల్లా ఆకాశంలో వేలాడుతుంటారు. కాళ్ళుండవు. మొహం ఉందో లేదో తెలియదు. విమానాలు వాళ్ళలోంచే దూసుకొచ్చి దిగుతాయి. ఎవరికీ హాని చెయ్యరు, గాలి తిరగ్గానే వెళ్ళిపోతారు. పెద్దమ్మ మిద్దె మీదికి వచ్చింది మాత్రం వెళ్ళలేదు. దీపావళి పోయింది, పొంగల్ పండగ పోయింది, చిత్తిరై ఎండలు వచ్చాయి. అది చాపలకు సరిగ్గా అడ్డంగా నిలబడే ఉంది.

పెద్దమ్మ చేసేది తాళింపు వడగం. చిన్న ఉల్లిపాయలు దంచి, ఆవాలు, మినప్పప్పు, వెల్లుల్లి, జీలకర్ర, కరివేపాకు కలిపి, చేతికి ఆముదం రాసుకుని ఉండలు కడుతుంది. పగలంతా ఎండాలి. సాయంత్రం మళ్ళీ పిసికి ఉండ కట్టాలి, మర్నాడు మళ్ళీ ఎండాలి. ఉండ నల్లబడి గలగలలాడేదాకా ఇదే పని. మధ్యలో నీడ పడితే లోపల పులిసి ముక్కిపోయిన వాసన వస్తుంది.

గాంధీపురంలో ఆ వడగం అమ్మే కొట్టు చెన్నకేశవన్‌ది. పోయినసారి ఆయన డబ్బా మూత తీసి, వాసన చూసి, మూత పెట్టేసి నా చేతికే తిరిగి ఇచ్చాడు. ఈసారీ ఇట్లాగే ఉంటే వేరేచోట తీసుకుంటానని చెప్పి పంపాడు. పెళ్ళయి వచ్చిన నాటి నుంచీ ఇది నాది అని పెద్దమ్మ చెప్పుకోవడానికి ఉన్నది ఆ వడగమే. మర్నాడే కొత్త ఉల్లిపాయలు తెప్పించి దంచడానికి కూర్చుంది.

ఆమె గోడు ఎవరికీ పట్టలేదు. కార్పొరేషన్ వాళ్ళు మిద్దె దాకానే మా పని, దానిపైన ఆకాశం అన్నారు. పక్కింటి మిద్దె నిండా సోలార్ పలకలు. వీధిలో ఆరబెడదామంటే దుమ్ము, కుక్కలు. మిల్లు మూసినప్పటి నుంచి ఇంట్లోనే ఉంటున్న మా పెద్దనాయన పెరుమాళ్సామి తన మడతకుర్చీ తెచ్చి సరిగ్గా ఆ నీడలో వేసుకున్నాడు. చిత్తిరైలో ఇంత చల్లటి చోటు ఊటీలో కూడా దొరకదని పేపరు వెనక నుంచి చెప్పాడు. కింద అద్దెకున్న కృత్తిక కూడా కాలేజీ పుస్తకాలు పట్టుకుని అక్కడికే చేరింది. ఆమె మంచిదే. కానీ చాప మీద కాలు పెట్టేది.

పెద్దమ్మ చాపలు తూర్పు మూలకు జరిపింది. కిందికి వెళ్ళి నీళ్ళు తాగి వచ్చేలోగా నీడ తూర్పు మూలకు వచ్చేసింది. పడమటికి జరిపితే అదీ పడమటికే.

“కావాలనే చేస్తుండాది ఇది,” అంది.

ఆమె మాటకారి కాదు. పని చేసేటప్పుడు మాత్రం గొణుక్కుంటుంది. ఉప్పు చాలిందా, ఈ ఉల్లిలో నీరెక్కువ, ఇంటాయన కాఫీ తాగాడో లేదో. ఆమె గొణిగినప్పుడల్లా మబ్బుమనిషి కొంచెం కిందికి వంగేది. నేను చూసేదాన్ని. గాలికేమో అనుకున్నాను.

మావాళ్ళ తెలుగు గడప లోపలే. గడప దాటితే తమిళం. బస్సులో, కొట్లో, డాక్టరు దగ్గర, గుళ్ళో దేవుడి ముందు కూడా తమిళమే. బయటివాళ్ళతో ఇంటి మాట మాట్లాడితే మర్యాద కాదు. అందుకే పెద్దమ్మ రోజూ పొద్దున్నే చేతులు జోడించి, “సామీ, కొంజం తళ్ళి నిల్లుంగ,” అని, కాస్త పక్కకు జరగమని తమిళంలోనే బతిమాలేది. పెద్దనాయన కూడా ఒకసారి లేచి నిలబడి మీటింగుల్లో వేదిక మీద మాట్లాడే తమిళంలో దానికి విన్నపం చేశాడు. చేసి, ఆ నీడలోనే మళ్ళీ కూర్చున్నాడు. అది కదలలేదు.

ఒక శుక్రవారం పెద్దమ్మ ఉండ విరిచి చూసింది. లోపల తెల్లగా బూజు. చేతులు కొంగుకు తుడుచుకుంది. తర్వాత తలెత్తింది. ఈసారి చేతులు జోడించలేదు.

“ఏమే, నీకు ఇల్లూ వాకిలీ లేదా? పొద్దస్తమానం నా నెత్తిన నిలబడితే నేనేడ ఎండబెట్టుకునేది? తినేదానివి కాదు, తాగేదానివి కాదు, నా ఎండ నీకెందుకే? పో, ఆ టాంకీ పక్కకు పొయ్యి నిలబడు.”

వంటింట్లో మమ్మల్ని తిట్టే గొంతే అది. మబ్బుమనిషి వణికింది. తడిగుడ్డ దులిపినట్టు చప్పుడైంది. మెల్లగా నీళ్ళ టాంకీ పక్కకు జరిగింది. చాపల మీద ఎండ పడింది. పెద్దనాయన మొహం మీదా పడింది. ఆయన పేపరు దించి, “బాగుండె గదా, దాన్నెందుకు తిడతావు,” అన్నాడు.

ఇన్ని నెలలూ దాన్ని బయటి మనిషి అనుకుని మర్యాద చేశాం. అది ఇంటి మాట కోసం కాచుకుని ఉంది. అందుకే గొణుగుడు వినబడిన మూలకల్లా వచ్చింది.

అంతటితో పోయి ఉంటే బాగుండేది. పోలేదు, ఇంకా కిందికి దిగింది. మాట్లాడుతున్నంతసేపూ చెప్పినచోట నిలబడుతుంది. మాట ఆగితే మళ్ళీ చాపల వైపు జరుగుతుంది. పెద్దమ్మ కొత్త ఉండలు కట్టి, పొద్దుటి నుంచి వాటి పక్కనే కూర్చుని మాట్లాడింది. అత్తగారి సంగతులు, ఆడబిడ్డల సంగతులు, ఎన్నడూ ఎవరికీ చెప్పనివన్నీ దానికి చెప్పింది. పెద్దనాయన ఒకసారి మెట్ల మీద నిలబడి విని, తన పేరు వచ్చేసరికి దిగిపోయాడు.

మూడోనాటికి పెద్దమ్మ గొంతు బొంగురుపోయి కిందికి వచ్చింది.

“వడగానికంటే ముందు నా గొంతు ఎండిపాయె. నువ్వు పొయ్యి ఏమన్నా చెప్పు దానికి.”

“నేనేం చెప్పేది పెద్దమ్మా?”

“ఏదో ఒకటి. సుమ్మా, ఊరికే నిలబడొద్దు, నీడ వస్తుంది.”

ఇంట్లోవాళ్ళతోనే నాకు మాట పెగలదు. పైకి వెళ్ళి ఉల్లిపాయల ధర చెప్పాను. నీడ మొదటి చాప మీదికి పాకింది. కృత్తిక పరీక్షల సంగతి చెప్పాను. రెండో చాప దాకా వచ్చింది. బయటి సంగతులు దానికి పట్టలేదు. ఇంకేం తోచక, మా పెద్దమ్మకు కావలసింది ఎండ ఒక్కటే అంటూ, ఎందుకు కావాలో చెప్పడం మొదలుపెట్టాను.

నీడ ఆగింది. కాసేపటికి టాంకీ వైపు వెనక్కి జరిగింది.

ఉండలు తిప్పమని కింద నుంచి పెద్దమ్మ బొంగురు గొంతుతో కేకేసింది. తిప్పుతూ చెబుతూనే ఉన్నాను.