అమ్మ పుట్టింటి మొగలి

మా చిన్నప్పుడు... వానలు మొదలైతే చాలు, అమ్మ పొద్దున్నే కర్ర పట్టుకుని పెరట్లోకి వెళ్ళేది. యానాం పక్కన మెట్టకూరులో మా పెరటి చివర, కాలవ గట్టున ఓ మొగలి డొంక ఉండేది. రంపంలా ముళ్ళున్న ఆ పొడుగాటి ఆకుల్ని కర్రతో తప్పించి, పువ్వు వేసిందేమోనని తొంగిచూసేది. "పాములుంటాయే..." అని నాన్న అరిచినా వినేది కాదు.

అమ్మ వాళ్ళది లంక ఊరు. గోదావరి గట్టు కోసేసి, ఇల్లూ పెరడూ ఏట్లో కలిసిపోయాయి. ఆ హడావుడిలో మావయ్య పెరట్లోని మొగలి పిలక ఒకటి పెరికి తెచ్చి అమ్మకిచ్చాడు. వాళ్ళింట్లో చీరల పెట్టె నిండా మొగలి రేకులే ఉండేవట... ఆ వాసనే అమ్మకి పుట్టిల్లు.

పిలక డొంకయింది. కాండం నుంచి ఊడలు దిగి నేలలో పాతుకున్నాయి. నేను ఓణీలకొచ్చాను... పువ్వు మాత్రం రాలేదు.

ఓ ఏడు ఆకుల మధ్య అనాసకాయలాంటి కాయ కనిపించింది! పక్కింటి పిన్ని చూసి తేల్చేసింది. "ఇది ఆడమొగలి వదినా... దీనికి కాయే. ఆ వాసనేసే రేకులు మగ మొక్కకే వస్తాయి."

"బాగుంది వరస! కాయలు మొయ్యడం మనదీ, ఘుమఘుమలు మగాళ్ళవీనా?" అంది అమ్మ. అందరం పడీపడీ నవ్వాం. ఆ సాయంత్రం చీరలు మడతపెడుతూ అమ్మ కళ్ళొత్తుకోవడం నేనూ చూశాను, నాన్నా చూశారు.

మరుసటి ఏడు వానాకాలం... ఓ పొద్దున పెరడంతా ఒకటే గుబాళింపు. డొంక నడుమ తెల్లటి మొగలిపొత్తు! అమ్మ తీసి చూసింది. కాడకి కత్తిగాటు స్పష్టంగా ఉంది. నావైపు చూసి, మాట్లాడకు అన్నట్టు కళ్ళతోనే చెప్పింది.

"ఏవండీ! మన మొగలి పూసిందండీ!" అని గట్టిగా కేకేసింది.

"అలాగా..." అన్నారు నాన్న, పేపర్లోంచి తలెత్తకుండానే. చేతులనిండా ముళ్ళ గీతలు.

ఆ తర్వాత ప్రతి వానాకాలం ఆ ఆడమొగలి పూస్తూనే ఉంది... నాన్న ఉన్నన్నాళ్ళూ.

ఇప్పుడు అమ్మా లేదు. కాలవకి సిమెంటు గోడలొచ్చాయి, గట్టున డొంకలన్నీ కొట్టేశారు. బజార్లో మొగలిపొత్తులు కనబడటమే గగనం. గోడకి ఇవతల మాది ఒక్కటే మిగిలింది... ఇంకా కాయలు కాస్తూనే ఉంది.

మీ వైపు ఎక్కడైనా మగమొగలి కనిపిస్తే చెప్పండి... ఒక్క పిలక కావాలి. దాని పక్కన నాటుతాను.