సముద్రంలో రాయి, పేపర్లో గుర్తులు

ఎనభైల నడుమ నాటి మాట. అప్పటికి ఆరేళ్లుగా జాలరిపేట వార్తలు రాస్తున్నాను. అక్కడ ఒక తెప్ప యజమాని అరుగు మీద కూర్చోని వారం లేదు. అయినా అతనికి నేను ‘పేపరు బాబు’నే.

జాలరి పిల్లలు ఇంట్లో ఏం నేర్చుకుంటారో సినిమా తీస్తానని హైదరాబాదు నుంచి ఒక యువకుడు కెమెరాతో దిగాడు. ఎండుచేపల వాసన పడక ముక్కుకు రుమాలు కట్టుకునేవాడు. నాలుగో రోజుకే తెప్ప యజమాని అతన్ని, “ఏటి బావా, మా సేపల మీద అలిగినావా?” అని ఆటపట్టించాడు. ఆరేళ్లలో నన్ను ఒక్కరూ ఆటపట్టించలేదు.

ఒక ఉదయం తెప్ప యజమాని కొడుకును ఇసుకలో కూర్చోబెట్టి, గవ్వలు పేర్చి పాఠం మొదలుపెట్టాడు. సముద్రం అడుగున రాయి ఉన్నచోట చేపలు చేరతాయి. ఆ చోటు పైకి కనిపించదు. ఒడ్డు మీది గుర్తులు ఒకదానికొకటి సరిగ్గా కుదిరేదాకా తెప్ప నడపాలి. తాతల నాటి గుర్తు ఒక తాటిచెట్టు. అది పడిపోయాక, కొత్తగా లేచిన ఉక్కు ఫ్యాక్టరీ పొగగొట్టాన్ని గుర్తుగా పెట్టుకున్నాడట.

“పొగగొట్టం కొండంచుకి ఆనినాదా, ఆగిపోవాల. ఇది మనింటి సదువు.”

నా ముందు ఎన్నడూ చెప్పని పాఠం కెమెరా ముందు చెబుతున్నాడు. ఇంతలో యువకుడు, మైకు పట్టుకున్న తన సహాయకుడికి సైగ చేశాడు, మైకు ఆగింది. మిషను మొరాయించిందనుకుని లోలోపల సంబరపడ్డాను. మధ్యాహ్నానికల్లా వార్త రాసి ఇచ్చాను. సినిమాలో లేనిది నా దగ్గర ఉండాలని అన్ని గుర్తులూ పూసగుచ్చినట్టు రాశాను. మర్నాడు పేపర్లో బాక్సు కట్టి వేశారు.

టీకొట్లలో పేపరు పైకి చదువుతారు. హార్బర్లోనూ అంతే. మూడో రోజుకి ఆ రాయి చుట్టూ మరబోట్లు వలలు దించి, ఉన్న చేపలన్నీ ఊడ్చుకుపోయాయి.

సంగతి తెలిసి తెప్ప యజమాని దగ్గరికి వెళ్లాను. అతను వల అల్లుతున్నాడు. తలెత్తలేదు.

“మావోడికి నాను సెప్పుకోవాల్సింది, ఊరందరికీ నువ్వు సెప్పీసినావు బాబూ.”

అంతే. తిట్టి ఉంటే బాగుండేది.

గుర్తులు ఇంటి గుట్టని, ఆ మాటలు రికార్డు చేయొద్దని తెప్ప యజమాని అన్నాడని, ఆ యువకుడు తర్వాత బస్టాపులో చెప్పాడు. ఏది తీయకూడదో ముందురోజే అడిగాడట. ఏది రాయకూడదో నేను ఎన్నడూ అడగలేదు.

కొన్ని నెలలకు పేట బడిలో, కిటికీలకు దుప్పట్లు కట్టి, సినిమా వేశారు. ఆ పాఠం వచ్చినప్పుడు మాటల్లేవు. గవ్వలు జరుపుతున్న తండ్రి వేళ్లు, వాటి వెంట కదిలే కొడుకు కళ్లు, అలల చప్పుడు. బడంతా గుసగుస మానేసి చూసింది. నాకు ముందు కలిగింది సిగ్గు కాదు. ఒక్క మాట లేకుండా ఇంత ఎలా చెప్పాడన్న కడుపుమంట.

తండ్రీకొడుకులు ఎక్కడా కనబడలేదు. అడిగితే, ఇంకో రాయి దొరుకుతుందేమోనని పొద్దున్నే తెప్ప మీద వెళ్లారని తెప్ప యజమాని భార్య చెప్పింది.